చీఫ్ భార్య లేచిపోతే షయాన్లు ఏం చేసేవాళ్ళు

మీరు రాస్తున్న కథ గురించి అడిగింది క్లుప్తంగా ఇదీ: 1850ల్లో అమెరికా గ్రేట్ ప్లెయిన్స్ అనే గడ్డిమైదానాల్లో షయాన్లనే ఆదివాసీ తెగ శిబిరం, హీరో కుర్ర యోధుడు, హీరోయిన్ అతనికి మేనమామ కూతురు, చిన్నప్పట్నుంచీ ఇద్దరికీ ఇష్టం, కానీ ఆమెని ఒక పెద్ద చీఫ్‌కి ఇచ్చి చేస్తారు, కొన్నాళ్ళకి ఇద్దరూ లేచిపోతారు, చీఫ్ పరువు కోసం వెంటపడి హీరోని చంపేస్తాడు, తెగంతా చీఫ్‌దే న్యాయం అంటుంది. ఇది నిజానికి దగ్గరగా ఉందా, లేకపోతే ఎక్కడ మార్చాలి అని. నేను ఆంత్రోపాలజీ చదివి చాలా ఏళ్ళుగా అమెరికాలో మాంటానా రాష్ట్రంలోనే ఉంటున్నా, నార్తర్న్ షయాన్ రిజర్వేషన్, అంటే ఆ తెగకి కేటాయించిన నేల, మాకు కారేసుకుని వెళ్ళొచ్చే దూరం, ఈ సబ్జెక్ట్ అంటే నాకు ప్రాణం, అందుకే పొడుగ్గా రాస్తున్నా, కాస్త ఓపిగ్గా చదవండి.

దగ్గరగా లేదండీ. మిగతావి సర్దుకోవచ్చు కానీ క్లైమాక్స్ మాత్రం పూర్తిగా తిరగబడింది. అలా చంపిన చీఫ్‌ని తెగ మెచ్చుకోవడం కాదు, ఆ రోజుతో అతని పని అయిపోయినట్టే, బతికున్నా లెక్కలో ఉండడు. మనకి పరువు అనగానే కత్తి, రక్తం, పగ ఇవే గుర్తొస్తాయి, మన పేపర్లలో రోజూ చదివేది కూడా అదే కాబట్టి అది ప్రపంచమంతా ఒకేలా ఉంటుందని అనుకుంటాం. షయాన్ల దగ్గర సొంత తెగ మనిషి మీద చెయ్యెత్తకుండా నిలబడగలిగినవాడికే పరువు. ఎంత పెద్దవాడైతే అంత ఎక్కువ వదులుకోవాలి. కోపం చూపించే హక్కు చిన్నవాడికి కొద్దో గొప్పో ఉంటుంది, చీఫ్‌కి అసలుండదు.

వాళ్ళ తెగ మొత్తానికి నలభై నలుగురు చీఫ్‌ల కౌన్సిల్ ఉండేది, ఒక్కొక్కరికీ పదేళ్ళ పదవి. స్వీట్ మెడిసిన్ అనే ప్రవక్త ఈ కట్టుబాట్లన్నీ ఇచ్చి వెళ్ళాడని వాళ్ళ నమ్మకం. చీఫ్ అయినవాడికి చెప్పే మాటలు వింటే ఒళ్ళు జలదరిస్తుంది, నీ గుడారం ముందే నీ కొడుకుని ఎవడైనా చంపినా నువ్వు పైపు తీసుకుని పొగ పీల్చి ఊరుకోవాలి అనేంత దూరం వెళ్తుంది అది. ఇక భార్య సంగతికొస్తే, చీఫ్ భార్య వేరేవాడితో వెళ్ళిపోతే ఆ చీఫ్ అనాల్సిన మాట ఒకటుంది, నా టీపీ (గుడారం) మీద ఎవరిదో కుక్క ఉచ్చపోసి పోయింది, అంతే. అనేసి పైపు ముట్టించుకుంటాడు. మామూలు మగాడు నష్టపరిహారంగా గుర్రాలు అడగొచ్చు, చీఫ్ అడిగితే చిన్నతనం. లోపల ఎంత రగిలిపోతున్నా సరే పైకి అదే మాట. ఇప్పుడు మీ చీఫ్ పాత్రని ఈ నియమంలో పెట్టి చూడండి, వెంటాడి చంపే సీన్ కంటే ఇక్కడ డ్రామా ఎంత ఎక్కువుందో మీకే తెలుస్తుంది.

చంపితే ఏమవుతుందో కూడా చెప్పాలి, ఎందుకంటే అది వట్టి శిక్ష కాదు. షయాన్ల దగ్గర నాలుగు పవిత్ర బాణాలుంటాయి, తెగ ప్రాణమంతా వాటిలోనే ఉంటుందని నమ్మకం, రెండు మనుషుల మీద, రెండు అడవి దున్నల మీద శక్తినిచ్చేవి. ఒక షయాన్ ఇంకో షయాన్‌ని చంపితే ఆ బాణాల ఈకల మీద రక్తపు చుక్కలు కనిపిస్తాయని అంటారు. అప్పట్నుంచి వేట దొరకదు, యుద్ధంలో గెలుపుండదు, చంపినవాడి లోపల కుళ్ళు పట్టి ఆ వాసనకి దున్నల మందలు దూరంగా వెళ్ళిపోతాయి. అంటే ఒకడు చేసిన పనికి తెగ మొత్తం ఆకలితో పడుకోవాలన్నమాట. అందుకే హంతకుణ్ణి ఎవరూ చంపరు, చంపితే ఇంకో మరక పడుతుంది కదా, వెలేస్తారు. తర్వాత తెగంతా ఒకచోట చేరి ఆ బాణాల్ని మళ్ళీ కొత్తగా కట్టే పెద్ద తంతు చేస్తారు. వెలి కొన్నేళ్ళుంటుంది, చనిపోయినవాడి బంధువులు సరేనంటే తిరిగి రావచ్చు, కానీ వచ్చినా అతను తిన్న గిన్నెలో ఎవరూ తినరు, అందరూ తిప్పుకునే పైపు అతని దగ్గరికి రాదు.

దీని బరువు ఎంతో ఒక్క సంగతి చెప్తా. 1837 ప్రాంతంలో డాగ్ సోల్జర్స్ అనే సైనిక సంఘం నాయకుడు పోర్క్యుపైన్ బేర్ తాగిన గొడవలో లిటిల్ క్రీక్ అనే షయాన్‌ని పొడిచి చంపాడు, అతన్ని వెలేశారు, అతని వెంట వెళ్ళిన సంఘం వాళ్ళు కూడా వెలిలో పడ్డారు. మరుసటేడు, 1838లో, వుల్ఫ్ క్రీక్ దగ్గర శత్రు తెగ కయోవాల మీద పెద్ద యుద్ధం జరిగితే మొదట దూకింది వీళ్ళే. ప్లెయిన్స్‌లో శత్రువుని మొదట తాకడం కంటే పెద్ద గౌరవం లేదు, జీవితాంతం సభల్లో చెప్పుకునే విషయం అది. అయినా వెలిలో ఉన్నారు కాబట్టి ఆ గౌరవం వాళ్ళ ఖాతాలో వెయ్యలేదు. మీ కథ కాలానికి ఇది పదిహేను ఇరవై ఏళ్ళ కిందటి మాట, అంటే మీ చీఫ్‌కి ఇది కళ్ళారా చూసిన సంగతి అయ్యుంటుంది, అతని తలలో ఇది మెదలకుండా ఉండదు.

మీరు రాయాలనుకున్న కథ నిజంగా జరిగింది, కాకపోతే ముగింపు వేరు. లిటిల్ వుల్ఫ్ పేరు వినే ఉంటారు. మామూలు చీఫ్ కాదు, నార్తర్న్ షయాన్లలో స్వీట్ మెడిసిన్ చీఫ్, అంటే ప్రవక్త పేరుమీద ఉండే పవిత్ర మూట మోసే మనిషి. 1878 సెప్టెంబర్‌లో, ఇప్పటి ఓక్లహోమాలో జ్వరాలకీ ఆకలికీ జనం రాలిపోతుంటే, డల్ నైఫ్ అనే ఇంకో చీఫ్‌తో కలిసి దాదాపు మూడొందల మందిని వెంటేసుకుని సైన్యం తరుముతున్నా ఉత్తరానికి నడిపించాడు. మధ్యలో రెండు గుంపులుగా విడిపోయారు, డల్ నైఫ్ వాళ్ళు ఫోర్ట్ రాబిన్సన్ అనే సైనిక కోటలో చిక్కి 1879 జనవరిలో తప్పించుకోబోతూ చాలామంది చచ్చిపోయారు, లిటిల్ వుల్ఫ్ మాత్రం తన గుంపుని మాంటానా దాకా తెచ్చాడు, ఆ మార్చిలో లొంగిపోయి ఫోర్ట్ కియో అనే సైనిక కోట దగ్గర ఉన్నారు. ఈ రోజు మాంటానాలో నార్తర్న్ షయాన్లకి సొంత నేల ఉందంటే ఆ ప్రయాణం లేకుండా దాన్ని ఊహించలేం.

ఇప్పుడు అసలు సంగతి. స్టార్వింగ్ ఎల్క్ అని ఒకడు, చాలా కాలం నుంచీ లిటిల్ వుల్ఫ్ భార్య చుట్టూ తిరుగుతున్నాడని గొడవ ఉండేది. చీఫ్ కాబట్టి ఏమీ అనలేదు, అనకూడదు, భరించాడు. తర్వాత స్టార్వింగ్ ఎల్క్ లిటిల్ వుల్ఫ్ కూతురి మీద కన్నేశాడు. 1880 చలికాలంలో కోట దగ్గరున్న ఒక వర్తకుడి కొట్లో కొందరు మిఠాయి పందెం పెట్టి ఆడుకుంటున్నారు, కూతురూ ఉంది, స్టార్వింగ్ ఎల్కూ ఉన్నాడు. లిటిల్ వుల్ఫ్ తాగి వచ్చాడు. ఆ రోజుల్లో సారా ఆ కోటల చుట్టూ చేసిన నాశనం ఇంతా అంతా కాదు. మాటా మాటా అయింది, బయటికెళ్ళి తుపాకీ తెచ్చి స్టార్వింగ్ ఎల్క్‌ని కాల్చి చంపేశాడు. అన్నేళ్ళు గుండెలో దాచుకున్నది ఒక్క నిమిషంలో అయిపోయింది.

తర్వాత ఏం చేశాడో చూడండి, పారిపోలేదు. వాగు మలుపు దగ్గరున్న కొండ మీద ఉంటా, నన్నేమైనా చెయ్యాలనుకునేవాళ్ళు అక్కడికి రండి అని చెప్పి వెళ్ళి కూర్చున్నాడు. ఎవరూ వెళ్ళలేదు. చనిపోయినవాడి బంధువులు అతని గుడారం, సామాను ధ్వంసం చేశారు, దానికి ఎవరూ అడ్డు పడలేదు, అది వాళ్ళ హక్కు. తనని ఎవరూ వెళ్ళమనకముందే తనే వెలిలోకి వెళ్ళిపోయాడు. రోజ్‌బడ్ క్రీక్ వైపు భార్యలతో విడిగా బతికాడు, చీఫ్‌గా మళ్ళీ ఏ సభలోనూ కూర్చోలేదు, పది మందితో కలిసి పైపు తాగలేదు. గుర్రం మీదే పుట్టి పెరిగిన జాతి మనిషి, ఆ తర్వాత ఎక్కడికెళ్ళినా కాలినడకనే. 1904లో చనిపోయేదాకా అంతే. చూపు పోయి ముసలివాడైనా అంతే. జనం అతన్ని ప్రేమించడం మానలేదు, ఇప్పటికీ రిజర్వేషన్‌లోని లేమ్ డీర్ ఊరి శ్మశానంలో డల్ నైఫ్ పక్కనే అతని సమాధి, అక్కడికి వెళ్తే ఎవరో ఒకరు పెట్టిన పొగాకో గుడ్డముక్కో ఉంటుంది. కానీ తెగని కాపాడిన మనిషి కదా అని నియమాన్ని ఎవరూ సడలించలేదు, అందరికంటే ముందు ఆయనే సడలించుకోలేదు.

అందుకే మీ కథలో చీఫ్ చంపాలనే పట్టుదల ఉంటే చంపనివ్వండి, కానీ కథ అక్కడ అయిపోకూడదు, అక్కడ మొదలవ్వాలి.

సరే, మరి లేచిపోయిన జంటలకి మామూలుగా ఏం జరిగేది? ఇక్కడ మీరు ఊహించనంత మెత్తదనం ఉంటుంది. 1930ల్లో ఇద్దరు పండితులు, ఒకరు లా ప్రొఫెసర్, ఇంకొకరు ఆంత్రోపాలజిస్ట్, మాంటానా రిజర్వేషన్‌కి వచ్చి ముసలివాళ్ళ దగ్గర కూర్చుని పాత తగాదాలన్నీ రాసుకున్నారు, మా ఫీల్డ్‌లో అందరూ చదివేవే. అందులో వాకింగ్ ర్యాబిట్ అనే కుర్రాడి సంగతి నాకు చాలా ఇష్టం. అతను ప్రేమించిన పిల్ల అప్పుడే వేరేవాణ్ణి పెళ్ళి చేసుకుంది, కొన్నాళ్ళకి మొగుడు నేననుకున్నట్టు లేడు అని వీడితో చెప్పింది. ఒక దండు యుద్ధానికి బయల్దేరుతోంది, అందరూ కాలినడకనే రావాలని నాయకుడి రూలు. వీడు వెళ్ళి, నా మొకాసిన్లూ (తోలు చెప్పులు) సామానూ మోయడానికి ఒక్క గుర్రం తెచ్చుకోనా అని అడిగాడు, సరే అన్నారు, నేను వెనక వచ్చి కలుస్తా అన్నాడు. తీరా చూస్తే గుర్రం మీద మొకాసిన్లు కాదు, అమ్మాయి.

దండు మొత్తం కంగారు పడిపోయి కొండల్లోకి మళ్ళి ఆగి, యుద్ధం మాట పక్కన పెట్టి ఈ విషయం మీద కూర్చున్నారు. ఒకడన్నాడు, ఉండనిద్దాం, గుర్రాలు దొరికితే మొగుడికిచ్చి సర్దుకుందాం అని. నాయకుడు ఒప్పుకోలేదు, నువ్వు వెనక్కెళ్ళి ఆమె మొగుడితో తేల్చుకో, ముందే చెప్పుంటే మేమే ఆగి పద్ధతిగా తీసుకొచ్చేవాళ్ళం కదా అన్నాడు. అక్కడితో ఆపలేదు, ముగ్గురు నలుగురు తలా ఒక గుర్రం ఇస్తామన్నారు, మిగతావాళ్ళు ఒకటి రెండు బాణాలు తీసి ఇచ్చారు, మొగుడికి పంపడానికి. వాడు ఇంటికొచ్చేసరికి వాడి తండ్రి అప్పటికే మొగుడితో మాట్లాడేశాడు, వాళ్ళకి ఎలాగూ పొసగట్లేదు కాబట్టి అతను వదిలేశాడు. దండు గెలిచి తిరిగొచ్చినప్పుడు తండ్రి అందర్నీ కొత్త టీపీలోకి పిలిచి, ఈ పిల్లని మీరొచ్చేదాకా ఇక్కడే ఉంచా, ఇప్పుడు కానుకలతో పుట్టింటికి పంపిస్తా, మీరేం చేస్తారో చెప్పండి అన్నాడు. వాళ్ళు అప్పుడే శత్రువుల దగ్గర తెచ్చిన గుర్రాలు తీసిచ్చారు. దొంగతనంగా గుర్రమెక్కి వెళ్ళిన పిల్ల పెళ్ళికూతురి మర్యాదతో గుర్రాల మందతో పుట్టింటికి వెళ్ళింది, అమ్మాయి వాళ్ళు తిరిగి అంతంత కానుకలు పంపారు. ఇలాంటిది ముందూ లేదు తర్వాతా లేదని ముసలివాళ్ళు చెప్పుకునేవాళ్ళట.

మామూలు పద్ధతి ఏంటంటే, తప్పు చేసినవాడు నేరుగా మొగుడి ఎదురుకి వెళ్ళడు. ఒక చీఫ్‌ని బతిమాలి పైపు ఇచ్చి పంపుతాడు, వెంట గుర్రాలు. చీఫ్ వెళ్ళి పైపు ముందు పెడతాడు. మొగుడు తీసుకుని ముట్టిస్తే ఒప్పుకున్నట్టే, ఇక ఆ మాట మళ్ళీ ఎత్తకూడదు. ఇంత పెద్ద చీఫ్ పైపుతో వచ్చి కూర్చుంటే కాదనడం మామూలు మనిషికి చాలా కష్టం. భార్యతో విసిగిపోయిన మగాడు ఇంకో రకంగా కూడా వదిలించుకునేవాడు, డాన్స్ జరుగుతుంటే డప్పు మీద కర్రతో కొట్టి, ఆ కర్ర ఎవరికి తగిలితే వాడే నా భార్యని తీసుకోవచ్చు అని విసిరేవాడు. ఆ ఆడమనిషికి అది ఎంత అవమానమో చెప్పక్కర్లేదు.

అమ్మాయిల వైపు కూడా బాగా తెలుసుకుని రాయండి, మీ డ్రాఫ్ట్‌లో హీరోయిన్ రాత్రుళ్ళు వాగు ఒడ్డున హీరో ఒళ్ళో తల పెట్టుకుని పడుకుంటుంది, అది కుదరదు. షయాన్ ఆడవాళ్ళ నియమం ప్లెయిన్స్ తెగలన్నిట్లో పేరుమోసింది. పిల్ల పెద్దమనిషైతే తండ్రి గుడారం బయట నిలబడి అందరికీ చాటి, కలిగినవాడైతే ఒక గుర్రాన్ని దానం ఇచ్చేవాడు. పిల్లకి స్నానం చేయించి ఒళ్ళంతా ఎర్రరంగు పూసి, సువాసన గడ్డీ దేవదారు ఆకూ నిప్పుల మీద వేసి ఆ పొగ పట్టించి, నాయనమ్మో అమ్మమ్మో వెంట ఉండగా చిన్న గుడిసెలో నాలుగు రోజులు ఉంచేవాళ్ళు. అప్పుడే సన్నటి తాడు కట్టడం నేర్పేవాళ్ళు, నడుం చుట్టూ తిప్పి ముందు ముడేసి, కొసలు తొడల మధ్యనుంచి తీసి మోకాళ్ళ పై దాకా చుట్టడం, నడకకి అడ్డు రాదు. రాత్రుళ్ళూ, బయటికెళ్ళేటప్పుడూ కట్టుకునేవాళ్ళు, మొగుడు యుద్ధానికి వెళ్తే పెళ్ళైనవాళ్ళు కూడా. ఆ తాడు మీద చెయ్యి వేసినవాడికి మాత్రం మెత్తదనం లేదు, అమ్మాయి తల్లీ పిన్నులూ అత్తలూ వెళ్ళి వాడి తల్లిదండ్రుల టీపీని కోసి పారేసి గుర్రాల్ని చంపితే, ఆ తల్లిదండ్రులు తలొంచుకుని నిలబడేవాళ్ళు. వాడు ప్రాణాలతో ఉంటే అదృష్టం. కన్నతండ్రే పైన పడబోతే కత్తితో పొడిచి చంపిన కూతురి సంగతి ఒకటి రికార్డులో ఉంది, ఆమెని ఎవరూ వెలెయ్యలేదు.

మరి ప్రేమించుకోవడం ఎలా అంటే, దుప్పటి కింద. అదీ అందరి కళ్ళముందే. అమ్మాయి నీళ్ళకో కట్టెలకో వెళ్ళే దారిలో కుర్రాడు నిలబడి, ఆమె వెళ్తుంటే బట్ట కొంచెం లాగుతాడు. ఇష్టం లేకపోతే విదిలించుకుని పోతుంది, వాడు అక్కడే సిగ్గుతో చచ్చిపోతాడు. ఆగిందంటే ఇక మెల్లగా మొదలవుతుంది. సాయంత్రం ఆమె గుడారం బయట వస్తాడు, ఇద్దరూ నిలబడి, తన దుప్పటి ఇద్దరి తలలమీదా కప్పి, లోపల గుసగుసలు. పక్కన వాళ్ళమ్మ వంట చేస్తూనే ఉంటుంది, చూడనట్టు ఉంటుంది. బాగా నచ్చిన పిల్లైతే ఇంకో ఇద్దరు ముగ్గురు కుర్రాళ్ళు దుప్పట్లు కప్పుకుని తమ వంతు కోసం దూరంగా నిలబడి ఉంటారు. రాత్రి దూరం నుంచి పిల్లనగ్రోవి ఊదుతారు. కొమ్ముతోనో లోహంతోనో చేసిన ఉంగరాలు మార్చుకుంటే మాట ఇచ్చుకున్నట్టు. ఇది ఏడాది, రెండేళ్ళు, ఒక్కోసారి అయిదేళ్ళు. మీరు ఈ దుప్పటి సీన్ ఒక్కటి తీరిగ్గా రాస్తే చాలు, వాగు ఒడ్డు అవసరమే రాదు.

పెళ్ళి మాత్రం వాళ్ళిద్దరి చేతిలో లేదు. కుర్రాడి తరఫున ఒక పెద్దావిడ గుర్రాలు తీసుకెళ్ళి అమ్మాయి వాళ్ళ టీపీ ముందు కట్టి, సంగతి చెప్పి వచ్చేస్తుంది. మర్నాడు పొద్దు గూకేలోపు తేల్చాలి, గుర్రాలు వెనక్కొస్తే కాదన్నట్టు. ఎక్కువసార్లు తేల్చేది తండ్రి కాదు, అన్న. చెల్లెలి పెళ్ళి మీద అన్నకి హక్కు ఇచ్చేసేవాళ్ళు, మీ కథకి అసలు ముడి ఇక్కడుంది. వయసొచ్చాక అన్నా చెల్లెళ్ళు ఒకరితో ఒకరు నేరుగా మాట్లాడకూడదు. అది దూరం కాదు, గౌరవం. ఆ గౌరవం ఎంతటిదంటే 1876 జూన్ 17న అమెరికా సైన్యంతో జరిగిన రోజ్‌బడ్ యుద్ధంలో కమ్స్ ఇన్ సైట్ అనే చీఫ్ గుర్రం కూలిపోయి తూటాల మధ్య నిలబడిపోతే, అతని చెల్లెలు బఫెలో కాఫ్ రోడ్ ఉమన్ గుర్రాన్ని దౌడు తీయించి వెళ్ళి ఎక్కించుకొచ్చేసింది. షయాన్లు ఆ యుద్ధాన్ని ఇప్పటికీ చెల్లెలు అన్నని కాపాడిన చోటు అనే చెప్పుకుంటారు. అలాంటి అన్న తన చెల్లెల్ని ఇస్తానని ఎవరికో మాట ఇచ్చాక ఆ చెల్లెలు ఇంకొకడితో వెళ్ళిపోయిందనుకోండి. వెంటాడి చంపడు. ఆ సిగ్గు తన మీదే తీర్చుకుంటాడు, చావు కోసం యుద్ధానికి పోవడమో ప్రాణం తీసుకోవడమో. మీ హీరోయిన్ భయపడాల్సింది హీరోని చంపుతారని కాదు, అన్న చచ్చిపోతాడని. ఈ భయం పాఠకుల గుండెని పట్టుకుంటుంది, నమ్మండి.

పెద్దవాళ్ళు పిల్లల మీద చూపించే కఠినానికి కూడా హద్దు ఉండేది. ఒక తల్లి కూతుర్ని తిట్టి కొట్టిందని ఆ పిల్ల ప్రాణం తీసుకుంటే, తల్లినే హంతకురాలిగా లెక్కేసి వెలేశారు, బాణాల్ని మళ్ళీ కట్టారు. మన ఊళ్ళల్లో ఎన్ని ఇళ్ళల్లో ఇలాంటిది జరిగి పిల్ల తప్పు కిందే సరిపెట్టేశారో ఆలోచిస్తే నాకు బాధేస్తుంది.

ఇక మేనమామ కూతురు. ఇది తప్పకుండా మార్చాలి. మనకి మేనరికం వరస కాబట్టి బావా మరదళ్ళ ప్రేమ సహజంగా వచ్చేస్తుంది, షయాన్లకి మాత్రం మేనమామ పిల్లలు, మేనత్త పిల్లలు, పిన్ని పిల్లలు, పెదనాన్న పిల్లలు అందరూ ఒకటే, అన్నా చెల్లెళ్ళే. పిలుపూ అదే, పైన చెప్పిన మాట్లాడకూడని గౌరవమూ అదే. మీ హీరో హీరోయిన్లు వాళ్ళ లెక్కలో తోడబుట్టినవాళ్ళు, ఆ ప్రేమని ఏ షయాన్ పాఠకుడూ జాలిగా చూడడు, అసహ్యించుకుంటాడు. దూరపు చుట్టరికం ఉన్నా కుదరదు. ఆమెని వేరే గుంపు పిల్లని చెయ్యండి. ఏడాదంతా గుంపులు విడివిడిగా తిరిగి, వేసవిలో పెద్ద తంతులకి తెగంతా కలిసి తూర్పు వైపు తెరిచి ఉంచిన వలయంలా గుడారాలు వేసుకుంటారు, వేరే గుంపు పిల్లలు కళ్ళలో పడేది అప్పుడే. విడిపోయి మళ్ళీ వచ్చే వేసవి దాకా ఎదురుచూడాలి, ప్రేమకథకి అంతకన్నా ఏం కావాలి.

అత్తా అల్లుళ్ళ సంగతి మాత్రం మన పాత ఇళ్ళకి దగ్గరగా ఉంటుంది, అల్లుడు అత్తగారి మొహం చూడకూడదు, మాట్లాడకూడదు, ఆమె గుడారంలో ఉంటే ఇతను లోపలికి రాడు. మరదలితో, బావమరుదులతో మాత్రం మోటు సరసాలు, ఎంత మోటైతే అంత మంచిది. అక్కచెల్లెళ్ళని ఒకరే చేసుకోవడం కూడా మామూలే, బెంట్స్ ఫోర్ట్ వర్తకుడు విలియం బెంట్ బాణాల రక్షకుడి కూతురు ఔల్ ఉమన్‌ని చేసుకుని, తర్వాత ఆమె చెల్లెళ్ళని కూడా చేసుకున్నాడు. కాబట్టి మీ చీఫ్ పెద్ద భార్య హీరోయిన్‌కి సొంతక్కే అయితే ఇంకా బాగుంటుంది, సవతుల కొట్లాట కంటే అక్క మనసు రాయడం కష్టం, రాయగలిగితే గొప్పగా ఉంటుంది.

జంట మధ్య కబుర్లు మోయడానికి మీరు ముసలి నర్సు లాంటి పాత్ర పెట్టారు. దాని బదులు హీమనే అనేవాళ్ళ గురించి ఆలోచించండి, మగవాళ్ళుగా పుట్టి ఆడవాళ్ళలా బతికినవాళ్ళు. వాళ్ళకి తెగలో మంచి గౌరవం, ప్రేమ మందులు తెలిసినవాళ్ళని పేరు, మధ్యవర్తులుగా వాళ్ళకి సాటి లేదు, యుద్ధం గెలిచొచ్చాక జరిగే డాన్స్‌ని నడిపించేది కూడా వాళ్ళే. వేళాకోళంగా మాత్రం రాయకండి, వాళ్ళని అక్కడ ఎవరూ అలా చూడలేదు.

అంతా మంచే అని చెప్పి మిమ్మల్ని మోసం చెయ్యను. మళ్ళీ మళ్ళీ తప్పు చేసిందని భార్య మీద కక్ష కట్టిన మొగుడు తన సైనిక సంఘం మగవాళ్ళని పిలిచి ఆమెని వాళ్ళకి వదిలేసే ఘోరం కూడా ఉండేది. ఎప్పుడో జరిగేది, పాల్గొన్నవాళ్ళని జనం హీనంగా చూసేవాళ్ళు, ఆమె బంధువులు ఆయుధాలు పట్టుకుని అడ్డుకున్న సందర్భాలూ ఉన్నాయి, కానీ ఉండేది. అన్ని నియమాలూ ఉన్న చోట ఇదెలా బతికింది అని నేను చాలా ఆలోచిస్తుంటా, నాకు తోచింది ఒక్కటే, చంపకూడదనే కట్టుబాటు ప్రాణాన్ని కాపాడింది, ఆడదాని ఒంటిని ప్రతిసారీ కాపాడలేదు. రాస్తే నిజాయితీగా రాయండి, థ్రిల్ కోసమైతే అసలొద్దు. అలాగే తప్పు చేసిన భార్య ముక్కు కోసే సీన్ ఒకటి పెట్టారు, అది బ్లాక్‌ఫీట్ అనే వేరే తెగ వాళ్ళకి అంటగట్టి చెప్పే ఆచారం, షయాన్ల నెత్తిన వెయ్యకండి.

ఇప్పుడు కథ ఇలా తిరుగుతుంది. వేరే గుంపు పిల్ల, దుప్పటి కింద రెండు వేసవులు, ఉంగరాలు. అన్న వేరేచోట మాటిచ్చాడు, అది ఒక చీఫ్‌కి, అక్కడ ఆమె అక్క ఇప్పటికే ఉంది. లేచిపోయారు. అన్న ఏమయ్యాడో మీ ఇష్టం. చీఫ్ దగ్గరికి పైపు తీసుకెళ్ళేది ఇంకో చీఫ్, ఇతని స్నేహితుడే. ఇతను ముట్టించాడా, లేక లిటిల్ వుల్ఫ్ లాగా అన్నేళ్ళు ఓర్చుకుని ఒక్క రాత్రి జారాడా, మీరే తేల్చండి. రెండిట్లో ఏదైనా నిజమే అవుతుంది.

ఒక్క విషయంలో జాగ్రత్త. ఆ బాణాలు ఇప్పటికీ ఉన్నాయి, ఓక్లహోమాలో సదరన్ షయాన్ల దగ్గర, వాళ్ళ ఇంకో పవిత్ర వస్తువు దున్న టోపీ మాంటానాలో. వాటికి ఇప్పటికీ రక్షకులున్నారు, తంతులు ఇప్పటికీ జరుగుతున్నాయి. హీరో వాటిని దొంగిలించడం, హీరోయిన్ ఆ గుడారంలో దాక్కోవడం లాంటి సీన్లు తీసేయండి, తంతు లోపల ఏం జరుగుతుందో వర్ణించకండి, జరిగింది అని చెప్పి బయటికి వచ్చేయండి. పైపు తీసుకెళ్ళే చాప్టర్ రాశాక ఇక్కడే పెట్టండి, ఎవరు ముందు మాట్లాడాలి, మొగుడు కాదనాలంటే ఏం చేస్తాడు లాంటివి నేను చూసి చెప్తా.